‘సీక్వెలా’కు తెలుగు మాట: కాలిన చేయి, మానిన గాయం, మిగిలిన మచ్చ

ప్రశ్న

అమీర్‌పేటలో మెడికల్ కోడింగ్, అంటే రోగి రికార్డులోని జబ్బులనూ గాయాలనూ కోడ్‌లుగా రాసే పని, నేర్చుకునే విద్యార్థులకు నేను తెలుగులో పాఠం చెబుతుంటాను. పుస్తకమూ, పరీక్షా, రేపు వారు చేయబోయే అమెరికా ఆసుపత్రుల పనీ ఇంగ్లీషులోనే ఉన్నా, విషయం తెలుగులో విన్నప్పుడే మనసులో నిలుస్తుందని నా నమ్మకం. కాలిన గాయాల కోడ్‌కు చివర ఏడో అక్షరంగా చేర్చే ‘ఎస్’ దగ్గర, అంటే ‘సీక్వెలా’ (పాత గాయం వల్ల తర్వాత ఉండిపోయే స్థితి) అన్న మాట దగ్గర, ప్రతి తరగతిలోనూ తడబాటు కనిపిస్తోంది. వాడుకలో ఉన్న నోట్సుల్లో దీన్ని ‘అనంతర ప్రభావం’ అని రాస్తున్నారు. అది చదివినవారు, చేయి కాలి నాలుగు నెలలు దాటిందంటే చాలు, గాయం ఇంకా మానకపోయినా ‘ఎస్’ పెడుతున్నారు. దీనికి ‘శేషఫలం’ అన్న మాట మేలేమో పెద్దలు చెప్పగలరు.

మొదటి జవాబు

ఇబ్బంది ‘అనంతర’ అన్న మాటలోనే ఉంది. అది కాలాన్ని చెబుతుంది, ‘ఎస్’ చెప్పేది కాలాన్ని కాదు. ఆ తెలుగు మాట ఎక్కడి నుంచి వచ్చిందో ఊహించవచ్చు. అమెరికాలో 2015 సెప్టెంబరు వరకు అమల్లో ఉన్న ఐసీడీ-9-సీఎం అనే కోడ్‌ల పద్ధతిలో, కాలిన చేతికీ మణికట్టుకూ సంబంధించిన దీర్ఘకాలిక ఫలితాలకు 906.6 అనే విడి కోడ్ ఉండేది, దాని పేరు ‘లేట్ ఎఫెక్ట్’తో మొదలయ్యేది. ‘అనంతర ప్రభావం’ దానికి సరిపోయిన తెలుగే. 2015 అక్టోబరు 1 నుంచి వచ్చిన ఐసీడీ-10-సీఎంలో ఆ విడి కోడ్ పోయి, అసలు గాయానికి ఇచ్చే టీ 23 వరుస కోడ్‌కే చివర ‘ఎస్’ చేర్చే పద్ధతి వచ్చింది. గాయపు తీవ్రదశ ముగిసిన తర్వాత దాని వల్ల ఏర్పడి ఉండిపోయే స్థితి సీక్వెలా అనీ, దానికి కాలపరిమితి లేదనీ ఆ పద్ధతి మార్గదర్శకాలు స్పష్టంగా చెబుతున్నాయి. మానని కాలిన గాయాన్ని, ఎన్ని నెలలైనా, తాజా గాయంగానే కోడ్ చేయాలని కూడా అక్కడే ఉంది.

ప్రపంచ ఆరోగ్య సంస్థ వారి ఐసీడీ-10లో మాత్రం కాలానికి చోటుంది. అందులో కాలిన చేయి సీక్వెలాకు ఇచ్చే టీ 95.2 అనే కోడ్ కింద, గాయమై ఏడాదో అంతకు మించో గడిచాక కనిపించే స్థితులను కూడా చేర్చారు. రెండు పుస్తకాలనూ చదివినవారికి ఈ తేడా వల్లనే అయోమయం కలగవచ్చు కాబట్టి తరగతిలో దీన్ని ముందే చెప్పడం మంచిది.

ఇక ‘శేషఫలం’. శేషం మనకు బాగా తెలిసిన మాటే కానీ, దాని వెనక ఒక పాత లోకోక్తి నిలబడి ఉంది: ఋణశేషం, అగ్నిశేషం, శత్రుశేషం ఉంచరాదు. మిగిలిన అప్పు అప్పే, మిగిలిన నిప్పు నిప్పే, అవకాశం దొరికితే మళ్లీ పెరుగుతాయి. అంటే తెలుగువాడి చెవికి ‘గాయశేషం’ అనగానే మానకుండా ఉండిపోయిన గాయపు భాగం అని వినిపిస్తుంది. మానని గాయానికి ‘ఎస్’ రాదని ఇప్పుడే అనుకున్నాం కదా! అందువల్ల ఆ మాట విద్యార్థిని మళ్లీ అదే పొరపాటు వైపు నడిపిస్తుంది. చరక సంహితలో ‘ఉపద్రవం’ ఒక రోగం తర్వాత పుట్టి దాన్నే ఆశ్రయించిన మరో రోగమన్న అర్థంలో ఉంది, అది చాలా దగ్గరి భావం. కానీ నేటి తెలుగులో ఉపద్రవమంటే తుపానో వరదో. ‘దుష్ప్రభావం’ మందుల పరమైపోయింది.

నా సూచన వేరు. కొత్త నామవాచకం కోసం వెతక్కుండా, ‘మాను’ అనే మన క్రియనే పట్టుకుంటే ఏడో అక్షరంగా వచ్చే మూడింటికీ అర్థం దొరుకుతుంది. ‘ఎ’ వచ్చినప్పుడు అది వైద్యుడు మాన్పుతున్న గాయం. ‘డి’ వచ్చినప్పుడు అది మానుతున్న గాయం, అంటే చురుకైన చికిత్స ముగిసి మామూలు సంరక్షణ మాత్రమే సాగుతున్న దశ. ‘ఎస్’ వచ్చినప్పుడు అది మానిన గాయం మిగిల్చిన స్థితి. ‘మిగిలిన’ అని కాక ‘మిగిల్చిన’ అని ప్రేరణార్థకంలో చెప్పడం ఇక్కడ ముఖ్యం. మిగిలినది గాయంలో భాగమవుతుంది, మిగిల్చినది గాయం కాని మరొకటి అవుతుంది. చేతి మీద మచ్చ గాయం కాదు, గాయం మిగిల్చినది. మార్గదర్శకాలు సీక్వెలాకు ఇచ్చిన ఉదాహరణ కూడా కాలిన తర్వాత ఏర్పడే మచ్చే.

రెండో జవాబు

ప్రేరణార్థకం మాట నాకు నచ్చింది. దానికి తోడుగా రెండు విషయాలు చెప్పదలిచాను.

మొదటిది ‘చెయ్యి’ గురించి. తెలుగులో చెయ్యి కాలింది అంటే భుజం నుంచి వేలికొస వరకు ఎక్కడైనా కావచ్చు. టీ 23 మణికట్టుకూ, అరచేతికీ, చేతి వెనకభాగానికీ, వేళ్లకూ మాత్రమే వర్తిస్తుంది, ముంజేయి, మోచేయి, భుజం టీ 22 కిందికి పోతాయి. పైన చెప్పిన టీ 95.2 మాత్రం మన ‘చెయ్యి’ లాగే మొత్తాన్నీ కలుపుకుంటుంది. బొటనవేలు కాలిందా, మిగతా వేళ్లలో ఒకటా, కొన్నా, బొటనవేలితో కలిపి కొన్నా అన్నది కూడా టీ 23లో విడివిడిగా ఉంటుంది కనుక, తెలుగులో పాఠం చెప్పేటప్పుడు ‘చెయ్యి’ అన్న ఒక్క మాటతో ఊరుకోకూడదు.

రెండోది వాక్య నిర్మాణం గురించి, నాకు ఎక్కువ ఇష్టమైనదీ ఇదే. సీక్వెలా రాసేటప్పుడు ఇప్పుడు బాధిస్తున్న స్థితి ముందు రావాలి, దానికి కారణమైన పాత గాయం ‘ఎస్’తో తర్వాత రావాలి. ఈ వరుసను విద్యార్థులు బట్టీ పట్టి మర్చిపోతుంటారు. తెలుగు వాక్యం రాయించి చూడండి: ‘మరిగే నూనె పడి కుడి చేతి వెనకభాగం లోతుగా కాలడం వల్ల ఏర్పడిన మచ్చ’. విశేష్యం ‘మచ్చ’ చివర ఉంది, దానికి ముందున్నదంతా విశేషణం. దీన్ని చివరి నుంచి వెనక్కి చదివితే కోడ్ల వరుస వచ్చేస్తుంది. మచ్చకు ఎల్ 90.5. కుడి చేతి వెనకభాగపు మూడో డిగ్రీ (చర్మం పూర్తి మందం కాలిన) గాయానికి టీ 23.361 ఎస్. మరిగే నూనెకు ఎక్స్ 10.2, ‘ఎస్’ ఏడో స్థానంలో పడేలా ఖాళీ స్థానాల్లో ఎక్స్‌లు నింపి, దానికీ చివర ‘ఎస్’. ‘ఎస్’ విశేషణానికే గానీ విశేష్యానికి రాదు, అంటే మచ్చ కోడ్‌కు ‘ఎస్’ చేర్చకూడదు. విశేషణమంతా ముందు వచ్చి విశేష్యం దాని తర్వాత నిలిచే భాష మనది కాబట్టే ఈ ఉపాయం ఇంత సహజంగా కుదురుతోంది.

మచ్చను గురించి మరొక్క మాట. చేతి వెనకభాగపు చర్మం పలుచన, అక్కడ లోతుగా కాలితే మచ్చ బిగిసే కొద్దీ వేళ్ల మొదళ్లు వెనక్కి లాగుకుపోయి, నడిమి కణుపులు లోపలికి వంగి, చేయి గోళ్లు చాచిన పంజాలా తయారవుతుంది. అరచేయి కాలితే వేళ్లు లోపలికే ముడుచుకుంటాయి. రోగి రెండింటినీ ‘వేళ్లు వంకర పోయాయి’ అనే అంటాడు. కానీ తెలుగులో చర్మం ముడుచుకుంటుంది, కీలు బిగుసుకుంటుంది. ఈ రెండు క్రియలనూ కలపకుండా వాడితే, మచ్చ ముడుతకు ఎల్ 90.5 అనీ, కుడి చేతి కీళ్ల బిగువుకు ఎం 24.541 అనీ విద్యార్థి తనంతట తానే విడదీయగలడు. ఉబ్బెత్తుగా పెరిగిన మచ్చ ఎల్ 91.0, అది వేరు.

ప్రశ్న అడిగిన వారి మాట

ఇద్దరికీ కృతజ్ఞతలు. మాన్పుతున్న, మానుతున్న, మానిన గాయం మిగిల్చిన అనే మూడింటినీ రేపటి పాఠంలోనే వాడతాను. ఒక్క సందేహం మిగిలింది. కుడి చేతి వెనక పాత మచ్చ ఉన్న మనిషి ఎడమ అరచేయి బొబ్బలెక్కేలా కాల్చుకుని వస్తే, ఒకే మనిషికి ‘ఎ’, ‘ఎస్’ రెండూ రాయవచ్చునా?

మొదటి జవాబు రాసిన వారు

రాయవచ్చు. తాజా గాయమూ, పాత గాయపు సీక్వెలా రెండూ ఉంటే రెండింటినీ ఒకే రికార్డులో చూపవచ్చని మార్గదర్శకాల్లోనే ఉంది. మీరు చెప్పిన సందర్భంలో మనిషి వచ్చింది బొబ్బల కోసం కనుక ఎడమ అరచేతి రెండో డిగ్రీ గాయం, అంటే టీ 23.252 ఎ, ముందుంటుంది. పాత మచ్చను కూడా వైద్యుడు చూసి రికార్డులో రాసి ఉంటే, ఎల్ 90.5, దాని వెంట టీ 23.361 ఎస్ వస్తాయి. వైద్యుడు ‘కాలిన చేయి’ అని మాత్రమే రాసి ఊరుకుంటే ఆ ‘కాలిన’ అన్న మాటలో నిన్నటి గాయమూ ఉండవచ్చు, నాలుగేళ్ల కిందటిదీ ఉండవచ్చు. అప్పుడు కోడర్ ఊహించకూడదు, మానిందా లేదా అని వైద్యుణ్నే అడగాలి.