వ్లాస్తా బురియన్: ఒక్క రేడియో నాటికకు అంత శిక్షా?

పాతరీలు:
చెక్ జనం ఇప్పటికీ 'హాస్యగాళ్ళ రాజు' అని పిలుచుకునే నటుడు. ప్రాగ్‌లో తన పేరుతోనే థియేటర్, 1930 నుంచి టాకీల్లో తిరుగులేని స్టార్. కుర్రతనంలో స్పార్టా ప్రాగ్ ఫుట్‌బాల్ జట్టుకు గోల్‌కీపర్ కూడా! నాజీల ఆక్రమణలో, 1941లో, ఒక రేడియో నాటికలో యాన్ మసారిక్‌ను తాగుబోతుగా వెక్కిరించే వేషం వేశాడు. మసారిక్ అప్పుడు లండన్‌లోని ప్రవాస ప్రభుత్వంలో విదేశాంగ మంత్రి. దానికి 1947లో మూడు నెలల జైలు, 5 లక్షల కొరునాల జరిమానా, పైగా నటించకూడదని నిషేధం. నాకైతే ఇది అన్యాయం.

గోదారిగట్టు:
అన్యాయమేమీ లేదు. అప్పట్లో అక్కడి రేడియోల మీటకు ఒక అట్టముక్క వేలాడేది: విదేశీ ప్రసారాలు వింటే జైలు, మరణశిక్ష కూడా పడొచ్చని. అంత భయంలోనూ జనం తలుపులు మూసుకుని బీబీసీలో మసారిక్ మాటలు వినేవారు. ఆ మనిషినే అదే రేడియోలో తాగుబోతును చేశాడు. ఊరూ పేరూ లేని నటుడైతే ఎవరూ పట్టించుకోరు. బురియన్ గొంతు దేశంలో అందరికీ తెలుసు. నాజీలకు కావలసింది అదే కదా.

పాతరీలు:
కాదంటే ఏమయ్యేదో? 1941 సెప్టెంబరులో నాజీ పాలకుడు హైడ్రిచ్ ప్రాగ్‌లో దిగాడు, ఉరిశిక్షలు మొదలయ్యాయి. నటి అన్నా లెతెన్స్కా సంగతి చూడండి. హైడ్రిచ్ హత్య కేసులో నాజీలు వెతుకుతున్నవాళ్ళకు భర్త చేసిన సాయానికి ఇద్దరికీ ముప్పు వచ్చింది. చేస్తున్న కామెడీ సినిమా పూర్తి చేయనిచ్చి, ఆ తర్వాత పట్టుకుపోయారు. 1942 అక్టోబరు 24న మౌట్‌హౌజెన్ నాజీ నిర్బంధ శిబిరంలో చంపేశారు.

గోదారిగట్టు:
ఆ ఉదాహరణ ఇక్కడ అతకదండీ. ఆమె వేషం కాదన్నందుకు చంపలేదు. అదీగాక నాటిక నాటికి హైడ్రిచ్ హత్యే జరగలేదు.

మూడో బెల్లు:
ఇద్దరూ డబ్బు సంగతి వదిలేశారు. టెన్నిస్ కోర్టుతో విల్లా, చేతినిండా సంపాదన. 1945లో సినిమా పరిశ్రమే జాతీయం అయిపోయిన దేశంలో అలాంటి స్టార్ మీద ఎవరికి జాలి? నాటిక తప్పే, నేనూ ఒప్పుకుంటాను. మూడు నెలల జైలూ సరే. కానీ నవ్వించడం తప్ప మరో పని తెలియనివాణ్ణి స్టేజీ ఎక్కొద్దనడం శిక్ష కాదు, కక్ష. 1950ల్లో మళ్ళీ రానిచ్చారు గానీ, అప్పటికే అరవైకి దగ్గరపడ్డాడు. యుద్ధకాలమంతా అమెరికాలో ఉండి నాజీలకు వ్యతిరేకంగా పనిచేసిన చెక్ హాస్యనటుడు వెరిఖ్ ఒక జానపద సినిమాలో రాజు వేషం వేస్తే, పక్కన బురియన్ ఉన్నాడు. 1962లో పోయాడు. తీర్పును 1994లో గానీ కొట్టేయలేదు.

గోదారిగట్టు:
నిషేధం ఎక్కువేనంటే ఒప్పుకుంటా. నిర్దోషి అంటే మాత్రం ఒప్పుకోను. వెరిఖ్ పక్కన నిలబడ్డాడంటే వెరిఖ్‌కు అభ్యంతరం లేదనే గదా. అవమానం జరిగింది మసారిక్‌కు, ఆయన 1948లోనే పోయాడు.

పాతరీలు:
సరే, 1941లోనే వచ్చిన ఆయన 'స్టేషన్ మాస్టర్' సినిమా చూసి రండి. టికెట్ లేకుండా రైలెక్కినవాడు స్టేషన్ మాస్టర్‌గా చెలామణీ అయిపోతాడు. తర్వాత వాదిద్దాం.