జప్తుకు ముందు రాసుకున్న అగ్రిమెంటు వేలాన్ని ఆపుతుందా?

స్థలం_గొడవ: ప్రామిసరీ నోటు మీద దావా, డిక్రీ అయింది. ఈపీలో, అంటే ఆ డిక్రీ అమలు పిటిషన్‌లో, బాకీదారు ఇంటి స్థలం జప్తు చేశారు. జప్తుకు ముందే మూడో మనిషి ఆ స్థలానికి కొనుగోలు అగ్రిమెంటు రాయించుకుని, ముప్పాతిక సొమ్ము బ్యాంకు ద్వారా కట్టాడు. అగ్రిమెంటు రిజిస్టరు కాలేదు, సేల్ డీడ్ జప్తు తర్వాత అయింది. ఇప్పుడు వేలం తేదీ పడింది. స్థలం ఎవరికి దక్కుతుంది?

సివిల్_ప్లీడరు: కొన్నవాడికే. 1990లోనే సుప్రీంకోర్టు చెప్పింది: జప్తుకు ముందటి ఒప్పందం ప్రకారం తర్వాత సేల్ డీడ్ అయినా అది నిలుస్తుంది. జప్తు రోజుకి బాకీదారుకు ఎంత హక్కు మిగిలిందో అంతే జప్తవుతుంది. ఆ ఈపీలోనే సివిల్ ప్రొసీజర్ కోడ్ (సీపీసీ) ఆర్డర్ 21 రూల్ 58 కింద క్లెయిమ్ పిటిషన్ వెయ్యాలి. డీహెచ్చార్ (డిక్రీ పొందిన అప్పిచ్చినవాడు), జేడీఆర్ (బాకీదారు) ఇద్దరూ పార్టీలుగా ఉండాలి. దాంతోపాటే రూల్ 59 కింద వేలం ఆపమని వేరే అర్జీ. చాలామంది ఈ రెండోది మర్చిపోతారు, క్లెయిమ్‌కు కోర్టులో నంబరు పడేలోపు వేలం పాట ముగిసిపోతుంది.

ఈపీ_గుమాస్తా: 1990 దగ్గరే ఆగిపోయారు సార్. 2002 జులై 1 నుంచి సీపీసీ సెక్షన్ 64కి రెండో సబ్‌సెక్షన్, 64(2), ఉంది. జప్తు తర్వాతి అమ్మకం నిలవాలంటే ఒప్పందం జప్తుకు ముందే కుదరాలి, జప్తుకు ముందే రిజిస్టరు కూడా కావాలి. నోటరీ చేయించిన స్టాంపు కాగితం చాలదు.

వేలంపాట: పాట అయిపోతే క్లెయిమ్ ఎలాగూ చెల్లదు. ఇంత చర్చ దేనికి?

సివిల్_ప్లీడరు: తప్పు. మన ఆంధ్రప్రదేశ్ నుంచి వెళ్లిన కేసులోనే 2008లో సుప్రీంకోర్టు చెప్పింది, పాట ముగిసినంత మాత్రాన అమ్మకం పూర్తయినట్టు కాదు, కన్ఫర్మ్ కావాలి అని.

ఈపీ_గుమాస్తా: కావాలని ఆలస్యం చేశారని కోర్టుకు అనిపిస్తే అసలు విచారణకే తీసుకోదు, అదీ రూల్ 58లోనే ఉంది. అప్పుడు వేరే దావా వేసుకోవాలి. విచారించి కొట్టేస్తే మాత్రం ఆ ఉత్తర్వు డిక్రీతో సమానం, అప్పీలే దారి. అక్కడ దావా వేసి ఏళ్లు పోగొట్టుకునేవాళ్లున్నారు.
64(2)కి జవాబు మాత్రం ఇంకా రాలేదు.

సివిల్_ప్లీడరు: ఇస్తున్నా. ఆ 1990 తీర్పుకు ఆధారం ఆస్తి బదిలీ చట్టం సెక్షన్ 40. ఒప్పందదారుకు ఆ సెక్షన్ ఇచ్చిన రక్షణను 2002 సవరణ రద్దు చెయ్యలేదు.

ఈపీ_గుమాస్తా: మరి ‘రిజిస్టరు అయిన’ అన్న మాట పార్లమెంటు సరదాకి చేర్చిందా? దావా నోటీసు అందగానే పాత తేదీతో బావమరిది పేరున అగ్రిమెంటు పుట్టుకొస్తుంది. దాన్ని ఆపడానికే.

సివిల్_ప్లీడరు: కొన్నవాళ్లందరూ బావమరుదులేనా? మోసపు బదిలీ అయితే ఆస్తి బదిలీ చట్టంలోనే సెక్షన్ 53 ఉంది, డీహెచ్చార్ నిరూపించుకోవాలి.

ఈపీ_గుమాస్తా: అప్పిచ్చినవాడే దావా వెయ్యాలి, డిక్రీ తెచ్చుకోవాలి, ఆస్తి వెతకాలి, చివరికి ఎవరో రాసుకున్న కాగితం దొంగదని కూడా వాడే నిరూపించాలి. బాగుంది మీ న్యాయం.

సివిల్_ప్లీడరు: తాకట్టు రాయించుకోకుండా ఉత్త నోటు మీద ఇచ్చింది ఎవరు? పోనీ దావాతోపాటే ఆర్డర్ 38 రూల్ 5 కింద ముందస్తు జప్తు అడగొచ్చుగా? వాడి అజాగ్రత్తకు లక్షలు పోసినవాడు స్థలం వదులుకోవాలా?

ఈపీ_గుమాస్తా: ఇదీ అసలు సంగతి. 64(2) మీకు అడ్డు కాదు, అప్పిచ్చినవాడి మీదే మీకు జాలి లేదు. అగ్రిమెంటు రిజిస్టరు చేయించుకోని అజాగ్రత్త మాత్రం మీ లెక్కలోకి రాదు.

సివిల్_ప్లీడరు: రాదు. కోర్టు సబ్‌రిజిస్ట్రారుకు తెలపకపోతే జప్తు ఈసీలోనే (ఆస్తి మీది లావాదేవీలు చూపే సర్టిఫికెట్‌లోనే) కనపడదు. కొనేవాడు ఇంకెక్కడ చూడాలి?

వేలంపాట: రూల్ 54 ప్రకారం దండోరా వెయ్యాలి, స్థలంలో నోటీసు అంటించాలి. అది జరిగిందో లేదో అమీను (జప్తు అమలు చేసే కోర్టు ఉద్యోగి) రిపోర్టు చూడండి ముందు.

స్థలం_గొడవ: అగ్రిమెంటులో ‘స్వాధీనం ఇచ్చాము’ అని ఉంది. మేలేనా?

ఈపీ_గుమాస్తా: చిక్కు. మన దగ్గర అలా రాస్తే అమ్మకానికి కట్టాల్సిన స్టాంపు డ్యూటీయే పడుతుంది. లోటు సొమ్ము, పైన పదింతల పెనాల్టీ కడితేగాని కోర్టులో సాక్ష్యంగా, అంటే ఎగ్జిబిటుగా, మార్కు చెయ్యరు.

సివిల్_ప్లీడరు: అది నిజమే. ఆ డబ్బు సిద్ధంగా పెట్టుకోండి. బ్యాంకు స్టేట్‌మెంటు సర్టిఫైడ్ కాపీ తీసుకోండి, స్టాంపు వెండరు రిజిస్టరు తెప్పించమని అర్జీ పెట్టండి. కాగితం కొన్న తేదీ అక్కడ తేలుతుంది.

ఈపీ_గుమాస్తా: తేలనివ్వండి. తేదీ నిజమే అయినా రిజిస్ట్రేషను లేదు, నా మాట అదే.