ఫ్లోరెన్స్ నుంచి సియెనా, శాన్ జిమిన్యానో ఒక్క రోజులో: చిన్న గ్రూప్ టూర్ తీసుకోవాలా, మనమే వెళ్లిరావచ్చా?

గాలిపటం_77:
అందరికీ నమస్తే. అక్టోబరు మొదటి వారంలో ఇటలీలో, ఫ్లోరెన్స్‌లో ఉంటాం, నేను, మా ఆవిడ, మా అమ్మ. మ్యూజియంలూ అవీ పోను ఒక రోజు ఖాళీ పెట్టుకున్నాం, ఆ రోజు ఫ్లోరెన్స్ చుట్టూ ఉన్న టస్కనీ ప్రాంతంలో పాత కోట ఊళ్లు చూసి రావాలని ప్లాన్. ఆన్‌లైన్లో చూస్తే రెండు రకాల టూర్లు తగుల్తున్నాయి. ఒకటి పెద్ద బస్సు, సియెనా, శాన్ జిమిన్యానో, పైగా పీసా కూడా కలిపేశాడు. రెండోది ఎనిమిది మందే ఉండే వ్యాన్, ఇందులో పీసా లేదు గానీ మోంటెరిజ్జోని అని ఇంకో చిన్న ఊరు, మధ్యలో వైనరీలో లంచ్. రేటు మాత్రం బస్సుకి దాదాపు రెట్టింపు. అంత పెట్టడం దండగా, లేక నిజంగా తేడా ఉంటుందా? అమ్మకి మోకాళ్ల నొప్పి ఉంది, మెల్లిగా నడుస్తుంది గానీ మెట్లంటే కష్టం. మేం ముగ్గురం వెజ్, వైన్ అలవాటు లేదు. వెళ్లొచ్చినవాళ్లు కాస్త చెప్పండి ప్లీజ్.

చక్రాలకాళ్లు:
పీసా కలిపిన బస్సు టూర్ సంగతి వదిలేయండి అండి, అది ఊళ్లు చూడ్డం కాదు, పార్కింగులు చూడ్డం. రోజంతా ఎక్కడం దిగడం, తలలు లెక్కపెట్టుకోవడం, ఇంతే.

ఇక వ్యాన్ టూర్. డబ్బుకి తగ్గ తేడా ఉందా అంటే ఉంది, కానీ జనం తక్కువున్నందుకు కాదు, టైం కలిసొచ్చినందుకు. యాభై మంది ఒక చోట దిగి, అందరూ బాత్రూంకి వెళ్లొచ్చి, గైడ్ జెండా వెనకాల లైన్ కట్టేసరికే అరగంట పోతుంది, ఎనిమిది మందైతే దిగడం ఆలస్యం నడక మొదలైపోతుంది. ఎనిమిదే ఎందుకంటే అక్కడ మామూలు కారు లైసెన్సు మీద డ్రైవర్‌తో కలిపి తొమ్మిది సీట్ల బండి దాకానే నడపొచ్చు, అది దాటితే బస్సు లెక్క, రూల్స్ వేరు. అందుకే "స్మాల్ గ్రూప్" అని రాసినంత మాత్రాన నమ్మొద్దు, కొంతమంది పాతిక మందిని కూడా స్మాల్ గ్రూపే అంటారు. గరిష్ఠంగా ఎంతమంది అనే నంబర్ ఎక్కడైనా రాసుందా చూడండి, లేకపోతే మెయిల్ పెట్టి అడగండి.

రెండోది, ఇది చాలామంది పట్టించుకోరు. వ్యాన్ నడిపే ఆయనే గైడా, లేక ఊళ్లో వేరే గైడ్ వస్తారా? ఇటలీలో గైడ్ పనికి లైసెన్సు ఉండాలి. డ్రైవర్ దారి పొడవునా ద్రాక్షతోటల గురించి కబుర్లు చెప్తాడు, బాగానే చెప్తాడు, కానీ సియెనా రాగానే దింపేసి "ఫలానా టైంకి ఇక్కడికే రండి" అని చెయ్యూపేస్తాడు. అట్లాంటి టూర్‌కి మీరు కట్టేది టాక్సీ డబ్బులే. "సియెనాలో లైసెన్స్‌డ్ లోకల్ గైడ్‌తో వాకింగ్ టూర్" అని స్పష్టంగా ఉన్నది చూసుకోండి. డ్వోమో, అంటే ఊరి పెద్ద చర్చి, దాని లోపలికి టికెట్ కలిపి ఉందో లేదో కూడా చూడండి, చాలావాటిలో బయట నిలబెట్టి చెప్పి వదిలేస్తారు.

నిదానమే_ప్రధానం:
నేను వేరేలా చెప్తా. మూడు ఊళ్లూ వైనరీ కలిపి ఒక్క రోజులో అంటే మీకు సియెనాలో దక్కేది మహా అయితే మూడు గంటలు. సియెనా మూడు గంటల ఊరు కాదు బ్రదర్. ఫ్లోరెన్స్‌లో శాంతా మారియా నొవెల్లా స్టేషన్ పక్కనే బస్టాండ్ ఉంది, అక్కణ్ణుంచి 131 బస్సు, అందులో రాపిదా (అంటే ఫాస్ట్) అని ఉన్నది ఎక్కితే గంటంపావు అటూఇటూగా పాత ఊరి అంచున దింపేస్తుంది. ట్రైన్ కూడా ఉంది, గంటన్నర, కానీ స్టేషన్ కొండ కింద ఉంటుంది, అక్కణ్ణుంచి ఎస్కలేటర్ల మీద ఎక్కాలి, తర్వాత మళ్లీ నడక. బస్సే బెటర్. పొద్దున్నే పోండి, అక్కడే రెండు గంటల వాకింగ్ టూర్ తీసుకోండి, మిగతా రోజంతా మీ ఇష్టం. ఊళ్లు లెక్కపెట్టుకుంటూ పోతే ఏం మిగలదు.

అద్దె కారు ఆలోచన ఉంటే మాత్రం ఒక మాట. పాత ఊళ్ల లోపల జెడ్‌టీఎల్ అని పర్మిట్ లేని బళ్లకి ప్రవేశం ఉండదు, గేటు దగ్గర కెమెరానే ఫొటో తీస్తుంది, ఎవరూ ఆపరు, మీరు ఇంటికొచ్చాక ఎప్పుడో ఫైన్ కాగితం వస్తుంది.

గాలిపటం_77:
ఇద్దరికీ థాంక్స్. కారు ఐడియా లేదు. ఒక్క సియెనానే అంటే నాకు ఓకే, కానీ మా ఆవిడ శాన్ జిమిన్యానో టవర్ల ఫొటో చూసిన దగ్గర్నుంచి అది లేకుండా రానంటోంది 😅 బస్సులో రెండూ కుదరవా? అసలు సియెనాలో అంతసేపు చూడ్డానికి ఏముంది, చౌకూ చర్చీయే కదా?

పాతరాయి:
శాన్ జిమిన్యానోకి ట్రైన్ లేదు. సియెనా నుంచి బస్సు ఉంది, కొన్నయితే మధ్యలో పోజ్జిబోన్సి అనే ఊళ్లో మారాలి. మామూలు రోజుల్లో తంటాలు పడి రెండూ చెయ్యొచ్చు, ఆదివారం అయితే బస్సులు మరీ తక్కువ, వద్దు. అమ్మగారితో రెండూ కావాలంటే మాత్రం వ్యాన్ టూరే కరెక్ట్. వెళ్లే వరస చూసుకోండి కానీ. శాన్ జిమిన్యానో చిటికెడు ఊరు, పదకొండు నుంచి నాలుగింటి దాకా పెద్ద బస్సులన్నీ ఒకేసారి అక్కడ దిగుతాయి, మెయిన్ వీధిలో భుజాలు రాసుకుంటూ నడవాలి. పొద్దున్నే ముందుగా అక్కడికో, సాయంత్రం ఆఖర్న అక్కడికో తీసుకెళ్లే టూర్ దొరికితే అదే పట్టుకోండి. ఎండ ఏటవాలుగా పడ్డప్పుడు ఆ టవర్ల రంగే వేరు.

టవర్ల కథ కూడా చెప్తా, గైడ్ ఎలాగూ చెప్తాడనుకోండి. ఒకప్పుడు అక్కడ డెబ్భైకి పైగా ఉండేవట, ఇప్పుడు 14 మిగిలాయి. డబ్బున్న కుటుంబాలు నీదెంత ఎత్తు నాదెంత ఎత్తు అని పంతానికి పోయి కట్టినవి. అన్నిట్లోకి ఎత్తైన టొర్రే గ్రోస్సా 54 మీటర్లు, అది ఊరి పాలకవర్గానిది, పైకి ఎక్కొచ్చు. 1348లో ప్లేగు వచ్చి ఊరిని ఊడ్చేసింది, 1353లో ఫ్లోరెన్స్ కిందికి వెళ్లిపోయింది, ఆ తర్వాత అక్కడ కొత్తగా కట్టే స్తోమత ఎవరికీ లేదు. బాగుపడి ఉంటే పాతవి కూలగొట్టి కొత్తవి కట్టుకునేవాళ్లు, పాపం చితికిపోబట్టే మనం ఇవాళ చూడగలుగుతున్నాం.

ఇప్పుడు సియెనా. చౌకూ చర్చీయేనా అన్నారు కదా, ఆ మాటకి సమాధానం కాస్త పెద్దది. చౌకు, అంటే పియాజ్జా డెల్ కాంపో, ఇటుక పరిచిన పెద్ద గుల్ల ఆకారం, తొమ్మిది భాగాలుగా చీల్చి ఉంటుంది. 1287 నుంచి 1355 దాకా ఊరిని ఏలింది తొమ్మిది మంది సభ్యుల మండలి, దాని గుర్తుగానే ఆ తొమ్మిది అంటారు. ఆ వాలు కిందికి చూస్తే మునిసిపల్ భవనం, పలాజ్జో పుబ్లికో. టూర్లన్నీ దాని ముందు ఫొటో దిగి వెళ్లిపోతాయి, లోపలికి తీసుకెళ్లవు, నా దృష్టిలో అసలైనది లోపలే ఉంది. ఆ తొమ్మిది మంది కూర్చునే గది గోడల మీద అంబ్రోజియో లోరెంజెట్టి 1338, 39లో మంచి పాలన ఎలా ఉంటుంది, చెడ్డ పాలన ఎలా ఉంటుంది అని బొమ్మలు వేశాడు. మంచి పాలన వైపు ఊరు నిండా పని నడుస్తుంటుంది, ఇంటి పైన మేస్త్రీలు గోడ కడుతుంటారు, కింద చెప్పుల దుకాణం, పిల్లలకి పాఠం చెప్పే పంతులు, వీధి మధ్యలో చేతులు పట్టుకుని ఆడేవాళ్లు, గేటు దాటితే పొలాలు. చెడ్డ వైపు కొమ్ములున్న నిరంకుశుడు, వాడి కాళ్ల దగ్గర కట్టేసిన న్యాయం. పాలించేవాళ్లు రోజూ మీటింగ్ పెట్టుకునే గదిలో ఇది వేయించుకోవడం చూడండి! టూర్‌లో ఫ్రీ టైం ఇస్తే మాగ్నెట్లు కొనకుండా అక్కడికి పోండి.

డ్వోమో ఇంకో సంగతి. ఊరికి డబ్బెక్కువై 1339లో ఉన్న చర్చి సరిపోదు, ఇదే అడ్డభాగం అయ్యేంత పెద్ద కొత్తది కడదాం అని మొదలెట్టారు. 1348లో ప్లేగు, పని ఆగింది, తర్వాత కట్టినదాంట్లో లోపాలు కూడా బయటపడి చివరికి వదిలేశారు. ఆ సగం గోడ ఇప్పటికీ నిలబడే ఉంది, దానిమీదికి ఎక్కితే ఊరంతా కనిపిస్తుంది, అమ్మగారికి వద్దు లెండి, మెట్లు. మీరు వెళ్లేది అక్టోబరు మొదట్లో అన్నారు కాబట్టి మీకు అదృష్టం ఉంది. చర్చి నేల మీద పాలరాతిలో పొదిగిన 56 బొమ్మలున్నాయి, ఏడాదిలో ఎక్కువ కాలం వాటిని కప్పేసి ఉంచుతారు, మామూలుగా ఆగస్టు నడిమి నుంచి అక్టోబరు నడిమి దాకా తెరుస్తారు. తేదీలు ఏటా కాస్త మారతాయి, డ్వోమో వెబ్‌సైట్లో చూసుకోండి.

గైడ్ ఎందుకు కావాలంటే ఇందుకు: సియెనా 17 పేటలుగా ఉంటుంది, కాంత్రాదా అంటారు, నత్త, గొంగళిపురుగు, తాబేలు, పెద్దబాతు ఇలా ఒక్కో పేటకి ఒక్కో గుర్తు. వీధి మూల గోడ మీద అరచేతి సైజు పలక ఉంటుంది, ఇటు నత్త, నాలుగడుగులు వేస్తే ఇంకో జంతువు, అక్కణ్ణుంచి పేట మారిపోయినట్టు. చెప్పేవాళ్లు లేకపోతే తల ఎత్తి చూడం కూడా చూడం. జులై 2న, ఆగస్టు 16న ఆ కాంపోలో మట్టి పోసి గుర్రప్పందెం పెడతారు, పాలియో అని, 17లో పది పేటలే పరుగెడతాయి, చౌకు చుట్టూ మూడు రౌండ్లు, నిమిషంన్నరలో అయిపోతుంది. దాని కోసం ఏడాదంతా పక్క పేటతో మాట్లాడనివాళ్లు ఉంటారు, మీ గైడ్ సియెనా మనిషైతే ఏ పేటో అడగండి, ఇంక ఆపరు.

మోంటెరిజ్జోని గురించి పెద్దగా బెంగ పడక్కర్లేదు. ఫ్లోరెన్స్ మీద కాపలాకి సియెనా వాళ్లు పదమూడో శతాబ్దం మొదట్లో కట్టిన గోడ, 14 బురుజులు, లోపల ఒక చౌకు. అరగంటలో అయిపోతుంది. అది తీసేసి ఆ టైం సియెనాకి ఇచ్చే టూర్ ఉంటే కళ్లకద్దుకుని తీసుకోండి.

అమ్మతో_ప్రయాణం:
మోకాళ్ల గురించి ఎవరూ చెప్పలేదు కాబట్టి నేను చెప్తా, మా అత్తయ్యగారిని తీసుకెళ్లాం. టవర్లెక్కే పని ఎలాగూ లేదు, సియెనా పలాజ్జో పుబ్లికో మీదున్న మాంజా టవర్‌కి దాదాపు 400 మెట్లు, లిఫ్ట్ లేదు. అసలు కష్టం మెట్లది కాదండి, వాలుది. సియెనాలో చదునుగా ఉన్న వీధి వెతుక్కోవాలి, దిగేటప్పుడే మోకాళ్లు ఎక్కువ లాగుతాయి, వాన పడితే రాళ్లు జారతాయి. ఫొంతెబ్రాందా వైపు పార్కింగ్ నుంచి డ్వోమో దగ్గరికి ఎస్కలేటర్లున్నాయి, వ్యాన్ అటు దింపుతుందా అని ముందే అడగండి, ఈ ఒక్క ప్రశ్నతో సగం నడక తప్పుతుంది. చిన్న గ్రూప్‌లో ఇంకో లాభం, ఆవిడ కాస్త ఆగితే గైడ్ కూడా ఆగుతారు, మాకు చెవిలో పెట్టుకునే రిసీవర్ ఇచ్చారు, బెంచీ మీద కూర్చునే ఆవిడ మొత్తం విన్నారు. వ్యాన్‌లో మాత్రం వెనక సీటు ఇరుకు, ముందు వరస అడిగి పెట్టుకోండి.

తిండి: బుకింగ్ చేసేటప్పుడే వెజ్ అని రాయండి, "గుడ్లు పాలు పర్లేదు, మాంసం చేపా వద్దు" అని విడమర్చి. వైనరీ లంచ్ అంటే సలామీ ముక్కలు ప్లేట్ నిండా పెడతారు లేకపోతే. మెనూలో చింగ్యాలే అని కనిపిస్తే అడవిపంది, అక్కడ అన్నిట్లోనూ అదే. పీచి అని లావుపాటి పాస్తా ఉంటుంది, టమాటా వెల్లుల్లి సాస్‌తో అడగండి, బాగుంటుంది. వైన్ తాగకపోతే రేటేం తగ్గించరు, కొన్ని కంపెనీలు టేస్టింగ్ లేని టూర్ కూడా ఇస్తాయి, మీకు అదే నయం.

గాలిపటం_77:
అందరికీ చాలా థాంక్స్ అండి. మోంటెరిజ్జోని లేకుండా, సియెనాలో లోకల్ గైడ్ ఉన్న వ్యాన్ టూర్ ఒకటి దొరికింది, వైనరీ ఉంది గానీ చిన్న స్టాపే. ఎస్కలేటర్ సంగతి మెయిల్ పెట్టా. ఇప్పుడు ఖాళీ ఉన్నవి ఆదివారం, మంగళవారం. ఏది?

పాతరాయి:
మంగళవారం, ఆలోచించకండి. ఆదివారం పొద్దున డ్వోమోలో ప్రార్థనలుంటాయి, టూరిస్టులని మధ్యాహ్నం నుంచే వదుల్తారు, నేల బొమ్మలు చూసే టైం మీ టూర్‌లో అసలు పడకపోవచ్చు. భుజాలూ మోకాళ్లూ కప్పే బట్టలు మర్చిపోకండి, లేకపోతే లోపలికి పంపరు.