నీబెలుంగెన్‌లీడ్: ఇంగ్లీషులో ఏ అనువాదం కొనమంటారు?

నమస్కారం అండీ. 1200 ప్రాంతంలో పుట్టిన జర్మన్ వీరగాథ నీబెలుంగెన్‌లీడ్ మొత్తం చదవాలని పట్టుదలగా ఉంది. జర్మన్ రాదు, నాకు ఇంగ్లీషే దిక్కు. ఆన్‌లైన్‌లో ఉచితంగా దొరికింది కదా అని 1904 నాటి నీడ్లర్ పద్యానువాదం మొదలుపెట్టి, కథానాయిక క్రీమ్‌హిల్డ్ కల దగ్గరే ఆగిపోయాను. తను ముద్దుగా పెంచుకున్న డేగను రెండు గద్దలు చీల్చేస్తాయి. ఎంత దడ పుట్టాల్సిన చోటు! తీరా చూస్తే పాతకాలపు ఇంగ్లీషు, ప్రాస కోసం అటూ ఇటూ తిప్పిన వాక్యాలు. రెండుసార్లు చదివితే గానీ ఎవరు ఎవర్ని చంపారో అర్థం కాలేదు.

పెంగ్విన్ వాళ్ల హాటో అనువాదం (1965) వచనం. తేలిగ్గానే సాగుతుందేమో గానీ, పాట పోయి ఉత్త కథ మిగులుతుందేమోనని నా అనుమానం. 2006లో వచ్చిన రాఫెల్‌ది పద్యమే. రెండూ చదివినవాళ్లు ఎవరైనా ఉన్నారా? కథలోని వీరుడు సీగ్‌ఫ్రీడ్ ఊట దగ్గర వంగి నీళ్లు తాగుతుంటే హాగెన్ వెనక నుంచి ఈటె దించుతాడే, ఆ ఘట్టం ఎందులో బాగుంది? ఆక్స్‌ఫర్డ్ ప్రచురించిన ఎడ్వర్డ్స్ వచనం వీటికంటే నయమా? ఇప్పుడు ఒక్కటే కొనగలను, అందుకే ఇంతగా అడుగుతున్నాను.