హైకోర్టు గడువు దాటినా ఛార్జిషీటు లేదు, ధిక్కరణ కేసు వేయొచ్చా?

ప్రశ్న: స్థలం అమ్ముతానని అడ్వాన్సు తీసుకుని ఎగ్గొట్టిన వ్యక్తి మీద ఎఫ్‌ఐఆర్ అయింది. దర్యాప్తు కదలకపోతే హైకోర్టులో రిట్ వేశాం. ఆర్డరు కాపీ అందిన 8 వారాల్లో దర్యాప్తు ముగించమని కోర్టు చెప్పింది. గడువు ఎప్పుడో దాటింది. స్టేషన్‌కి వెళ్తే "పాత సీఐ గారు బదిలీ అయ్యారు, ఫైలు చూడాలి" అంటున్నారు. ధిక్కరణ వేస్తే మా మీద కక్ష కడతారేమోనని టెన్షన్‌గా ఉంది.

జవాబు: వెంటనే వేసేయండి సార్, జైలుకి పోతారు!

మరో జవాబు: అంత తేలిక కాదండీ. 1971 ధిక్కరణ చట్టంలో శిక్ష గరిష్ఠంగా 6 నెలల సాధారణ జైలు, లేదా 2,000 రూపాయల జరిమానా, లేదా రెండూ. క్షమాపణను కోర్టు నమ్మితే అదీ ఉండదు. మామూలుగా జరిగేదేమిటంటే, నోటీసు వెళ్లగానే ఫైలు కదులుతుంది, వాయిదా నాటికి ఛార్జిషీటు వేసి క్షమాపణ అఫిడవిట్ పెడతారు. మీకు కావలసిందీ అదే కదా.

ఆలస్యం ఒక్కటే ధిక్కరణ కాదు. ఆర్డరు సంగతి తెలిసి, కావాలని అమలు చేయలేదని చూపించాలి. అందుకే అడుగుతున్నా, కాపీ స్టేషన్‌కి అందినట్టు మీ దగ్గర రుజువు ఏముంది?

ప్రశ్న వేసినవారు: మా లాయరు గారి జూనియర్ చేతికిచ్చి వచ్చారు. స్టాంపు వేయించుకోలేదు.

జవాబు: అక్కడే చిక్కు. మీ 8 వారాలు మొదలయ్యేది కాపీ అందిన రోజు నుంచి. "మాకు అందనే లేదు" అంటే కేసు బలహీనపడుతుంది. సర్టిఫైడ్ కాపీ జత చేసి, మర్యాదగా ఒక లేఖ రాసి ఎస్‌హెచ్‌ఓకి (స్టేషన్ ఇన్‌ఛార్జి అధికారికి), డీఎస్పీకి, ఎస్పీకి స్పీడ్ పోస్టులో పంపండి. డెలివరీ రుజువు దాచుకోండి. కక్ష భయం ఉంది కాబట్టి ఈ లేఖతోనే పని జరిగితే ఇంకా మంచిది. బదిలీ అనేది సాకే. ఆర్డరు తెలిశాక కొత్త సీఐ గారూ పాటించాల్సిందే.

పోలీసులు గడువు పొడిగించమని కోర్టులో పిటిషన్ వేశారేమో కూడా మీ లాయరుతో చూపించండి. ఫోరెన్సిక్ రిపోర్టు రాలేదని అలా అడగడం మామూలే. ఇవన్నీ చేస్తూ మరీ సాగదీయకండి. ధిక్కరణ జరిగిన తేదీ నుంచి ఏడాది దాటితే ధిక్కరణ చట్టం సెక్షన్ 20 అడ్డం వస్తుంది.

ఇంకొకరు: మా కేసులో హైకోర్టు ఆర్డరే లేదు, ఊరికే నాన్చుతున్నారు. మేమూ ధిక్కరణ వేయొచ్చా?

జవాబు: లేదండీ, ఆర్డరే లేనప్పుడు ధిక్కరించడానికేముంది? మీ దారి మేజిస్ట్రేట్ కోర్టు. దర్యాప్తు ఎంతవరకు వచ్చిందో ఫిర్యాదుదారుకు 90 రోజుల్లో చెప్పాలని బీఎన్‌ఎస్‌ఎస్ (సీఆర్‌పీసీ స్థానంలో వచ్చిన కొత్త క్రిమినల్ ప్రొసీజర్ చట్టం) సెక్షన్ 193 అంటోంది. ముందు దాన్ని ప్రస్తావించి స్టేషన్‌కి, ఎస్పీకి రాయండి. కదలకపోతే సెక్షన్ 175(3) కింద మేజిస్ట్రేట్ దగ్గర పిటిషన్ వేయండి. పాత సీఆర్‌పీసీలో ఇదే 156(3). దర్యాప్తు సరిగా సాగేలా చూసే అధికారం మేజిస్ట్రేట్‌కి ఉందని సుప్రీంకోర్టు 2007లో సాకిరి వాసు కేసులో చెప్పింది. నేరుగా హైకోర్టుకి పరుగెత్తకండి, ముందు అక్కడికే వెళ్లమంటారు.

ప్రశ్న వేసినవారు: ఒత్తిడి చేస్తే ఆధారాలు లేవని రాసి మూసేస్తారేమో?

జవాబు: మూసేయొచ్చు. అప్పుడు ధిక్కరణ పని చేయదు, ఎందుకంటే దర్యాప్తు "ముగించారు" కదా. ఆ రిపోర్టు మీద మేజిస్ట్రేట్ మీ అభ్యంతరం వినాలి. ప్రొటెస్ట్ పిటిషన్ (ఆ రిపోర్టును ఒప్పుకోమంటూ వేసే అభ్యంతర పిటిషన్) వేసి, మళ్ళీ దర్యాప్తు చేయించమని అడగొచ్చు. అడ్వాన్సు రసీదు, బ్యాంకు స్టేట్‌మెంటు, మెసేజ్‌లు ఇప్పుడే ఒక సెట్టు సిద్ధం చేసి, అందినట్టు సంతకం తీసుకుని స్టేషన్‌లో ఇవ్వండి. ఆధారాలు ఇవ్వలేదనే మాట అప్పుడు రాయలేరు.