బండిలో సీసా దొరికితే బండి పోవాల్సిందేనా? బీహార్ జప్తు కేసులపై చర్చ

కిరాయిబండి:
మద్య నిషేధం మంచిదా చెడ్డదా అని అడగడం లేదు. నా ప్రశ్న బండి గురించే. బీహార్‌లో 2016 ఏప్రిల్ 5 నుంచి పూర్తి నిషేధం. అదే ఏడాది అక్టోబర్ 2న అమల్లోకి వచ్చిన చట్టం ప్రకారం మద్యం మోసిన బండిని ప్రభుత్వం జప్తు చేసుకోవచ్చు. తేల్చేది జడ్జి కాదు, జిల్లా కలెక్టర్. ఆయన దగ్గర జప్తు వ్యవహారం నడుస్తుంటే మామూలు కోర్టులు ఆ బండి జోలికి రాకూడదని సెక్షన్ 60 చెబుతుంది.

ఫైనాన్స్‌లో లారీ కొన్న ఓనర్ ఎక్కడో ఇంట్లో ఉంటాడు. డ్రైవర్ దారిలో రెండు పెట్టెలు ఎక్కించుకుంటాడు. బండి స్టేషన్ ఆవరణలో ఆగిపోతుంది, కిస్తీ మాత్రం ఆగదు. డ్రైవర్ కేసు తేలకముందే బండి వేలానికి వెళ్లిపోవచ్చు. ఇది న్యాయమేనా?

నెల్లూరు అక్క:
ఓనర్ల బాధ అర్థమవుతుంది తమ్ముడూ. కానీ నాది నెల్లూరు జిల్లా. 1992లో దూబగుంట ఆడవాళ్లు సారా మీద తిరగబడ్డ నేల. ఆ ఉద్యమం వల్లే 1995లో ఆంధ్రప్రదేశ్‌లో సంపూర్ణ నిషేధం వచ్చింది. రెండేళ్లకే, 1997లో, ఎత్తేశారు. అప్పుడు చెప్పిన కారణాల్లో పక్క రాష్ట్రాల నుంచి వచ్చే దొంగ సరుకు ఒకటి. ఆ సరుకు నడిచి రాలేదు కదా, బండ్లలోనే వచ్చింది.

బీహార్‌కు ఉత్తరాన నేపాల్, మిగతా మూడు వైపులా మద్యం అమ్మే రాష్ట్రాలే. డ్రైవర్ జైలుకెళ్తే ఇంకో డ్రైవర్ దొరుకుతాడు. బండి పోతేనే వెనకున్నవాడికి నొప్పి తెలుస్తుంది. అక్కడ కూడా నిషేధం అడిగింది ఆడవాళ్లేనని మర్చిపోవద్దు.

సివిల్ వకీలు:
ఇద్దరికీ నమస్కారం. కోర్టుల్లో జరిగింది కొంచెం చెబుతాను.

2002లో సుందర్‌భాయి అంబాలాల్ దేశాయ్ కేసులో సుప్రీంకోర్టు, పట్టుకున్న వాహనాలను పోలీస్ స్టేషన్లలో ఏళ్ల తరబడి ఉంచొద్దని చెప్పింది. పంచనామా రాసి, ఫొటోలు తీసి, బాండు, పూచీకత్తు తీసుకుని వదిలేయమంది. ఎండకూ వానకూ పడి ఉన్న బండి ఎవరికీ పనికిరాదు. అయితే అది క్రిమినల్ ప్రొసీజర్ కోడ్ కింద మేజిస్ట్రేట్‌కు ఉన్న అధికారం గురించిన తీర్పు. బీహార్ చట్టం ఆ తలుపునే మూసింది.

అందుకే ఓనర్లు రాజ్యాంగం 226వ అధికరణం కింద పట్నా హైకోర్టులో రిట్లు, అంటే ప్రభుత్వ చర్యను నేరుగా హైకోర్టులో సవాలు చేసే పిటిషన్లు, వేశారు. వాటిని వినే అధికారం హైకోర్టుకు రాజ్యాంగమే ఇచ్చింది, చట్టంలోని సెక్షన్‌తో దాన్ని తీసేయడం కుదరదు. చట్ట ప్రకారం తప్ప ఎవరి ఆస్తీ లాక్కోకూడదన్న 300ఏ అధికరణం కూడా ఓనర్లకు అండ.

2022 సవరణతో జరిమానా కట్టి బండి విడిపించుకునే వీలు వచ్చింది. ఆ జరిమానా మొదట బీమా విలువలో 50 శాతం, 2023లో 10 శాతానికి తగ్గించారు.

నెల్లూరు అక్క:
పది శాతమా? పెద్ద ఎత్తున సరుకు తోలేవాడికి అది ఒక్క ట్రిప్పు లాభం. ఖర్చుల్లో రాసుకుని మళ్లీ తోలతాడు!

కిరాయిబండి:
అక్కా, నేను చెప్పేదీ అదే. స్మగ్లర్‌కు పది శాతం లెక్కలోకి రాదు. ఏ పాపం తెలియని ఓనర్ మాత్రం తప్పు చేయకపోయినా కట్టాలి, లేదంటే బండి వదులుకోవాలి. యాభై ఉన్నా పది ఉన్నా ఓనర్‌కు తెలుసా తెలియదా అన్న ప్రశ్న పక్కకే పోతోంది. మొత్తం వ్యవహారంలో ముందు అడగాల్సిన ప్రశ్నే అది.

దానికి జవాబు దొరకని ప్రశ్నేం కాదు. బండి ఫ్లోర్ కింద రహస్య అర చేయించి ఉంటే ఓనర్‌కు తెలియదంటే నేను కూడా నమ్మను. అదే బుక్ చేసిన సరుకు, బిల్లులు సరిగ్గా ఉండి క్యాబిన్‌లో డ్రైవర్ సీటు వెనక నాలుగు సీసాలు దొరికితే? రెండింటికీ ఒకే శిక్ష ఎలా వేస్తారు?

ఇంకోటి. పట్టుకునేది ప్రభుత్వం, తేల్చేది కలెక్టర్, అప్పీలు వినేది ఎక్సైజ్ కమిషనర్. బయటివాళ్లు ఎవరున్నారు ఇందులో?

సివిల్ వకీలు:
కలెక్టర్ కూడా నోటీసు ఇచ్చి, ఓనర్ వాదన విన్నాకే ఆర్డర్ వేయాలండి. కాకపోతే వేరే రాష్ట్రంలో ఉన్న ఓనర్‌కు నోటీసు అందకుండానే గడువు దాటితే ఆ హక్కు కాగితం మీదే ఉండిపోతుంది. నా మట్టుకు నేను జప్తు అధికారం ఉండాలంటాను, కానీ దాన్ని జడ్జి చేతిలో పెట్టాలి. అప్పీలు గడువు ముగిసేదాకా వేలం వేయకూడదు. వేలం వేశాక నిర్దోషి అని తేలితే చేతికొచ్చేది మహా అయితే పాట సొమ్ము. ఆ బండి మీద బతికిన కుటుంబానికి దాంతో ఏం సరిపోతుంది?

నెల్లూరు అక్క:
జడ్జి తేల్చాలంటే ఒప్పుకుంటాను. పూచీకత్తు మీద వదలడానికీ ఒప్పుకుంటాను. కానీ అదే బండి రెండోసారి సరుకుతో దొరికితే ఓనర్‌కు తెలియదన్న మాట నా దగ్గర చెల్లదు. మొదటిసారి దొరికాక డ్రైవర్‌ను మార్చాడా, జీపీఎస్ పెట్టాడా అని అడుగుతాను.

కిరాయిబండి:
రెండోసారి దొరికితే నాదీ అదే మాట అక్కా. అప్పుడు తెలియదని రుజువు చేసుకునే భారం ఓనర్ మీదే పెట్టండి. మొదటిసారి మాత్రం ఆ భారం ప్రభుత్వం మోయాలి.