సమస్య (ఇదే చివరి పాదంగా పద్యం పూరించాలి): గడ్డ కోయ నింట గంధ మెగసె

పద్యపల్లవి (నిర్వహణ):
అమెరికా పండుగ థ్యాంక్స్‌గివింగ్‌కి మా వీధి చివరి ఇంటివాళ్లు చిలగడదుంప 'పై' (pie, అడుగున పిండి పరిచి మీద తీపి గుజ్జు పోసి ఓవెన్‌లో కాల్చే వంట) చేసి పంపారు. డబ్బా మూత తీయగానే జాజికాయ, దాల్చినచెక్క, వెన్న కలిసిన వాసన. ఆ వాసనలోనే ఈ పాదం పుట్టింది. గడ్డ కోస్తే ఆస్పత్రి వాసన రావాలి గాని గంధం ఎలా వస్తుంది? మీరే చెప్పాలి. ఈసారి పూరణలో ఈ 'పై' వంట తప్పకుండా ఉండాలి. ఆదివారం రాత్రి వరకు గడువు.

ఓరుగల్లు:
పలువిధముల వండఁ బాఠము చెప్పెను
కార్వరనెడి గురువు కర్షకులకు;
నాటి పుటలు చూచి నడిరేయి మా కంద
గడ్డ కోయ నింట గంధ మెగసె.

నల్లజాతి వ్యవసాయ శాస్త్రవేత్త జార్జ్ వాషింగ్టన్ కార్వర్ 1896లో అలబామాలోని టస్కీగీ విద్యాసంస్థలో చేరాడు. పత్తి ఒక్కటే వేసి నేలను, తమ బతుకును పోగొట్టుకుంటున్న నల్లజాతి రైతులకు చిలగడదుంప వేయమని చెప్పాడు. ఎలా వండాలో కూడా చిన్న చిన్న పుస్తకాలుగా అచ్చు వేసి పంచాడు. వాటిలో పై కూడా ఉంది. ఆయన పేరు పద్యంలోకి రావాలన్నది నా కోరిక.

గణపరీక్ష:
కార్వర్‌ని తెచ్చినందుకు నమస్కారం. రెండో పాదం యతి హాయిగా పడింది. కానీ మూడో పాదం చివర 'మా కంద' కలిపి చదివితే 'మాకంద' అవుతుంది. మాకందం అంటే మామిడి. దుంప పై కాస్తా మామిడి పై అయింది.

కృష్ణాతీరం:
పైగా మా వైపు కంద అంటే బచ్చలి వేసి వండే దురదకంద. చిలగడదుంప కాదు.

ఓరుగల్లు:
కందకు లేని దురద కత్తిపీటకెందుకు అన్నా? మా ఇంట్లో దీన్ని కందగడ్డ అనే అంటాం, శివరాత్రి ఉపవాసానికి ఉడకబెట్టేది దీన్నే. మాకందం మాట మాత్రం నిజమే, నేను చూసుకోలేదు. 'ఈ కంద' అని మారుస్తున్నాను.

పద్యపల్లవి:
పేర్ల గొడవ అక్కడా ఉంది. అమెరికా అంగట్లో డబ్బా మీద 'యామ్' అని ఉంటుంది, లోపల చిలగడదుంపే. అసలు యామ్ మన పెండలం కుటుంబానిది. పడమటి ఆఫ్రికా నుంచి బానిసలుగా పట్టుకొచ్చినవాళ్లు తమ దుంప పేరునే కొత్త నేలలో దొరికిన దుంపకు పెట్టుకున్నారు. ఊరు పోయినా పేరును వదులుకోలేదు వాళ్లు. ఆ మాట చదివినప్పుడల్లా నా గొంతు పట్టేస్తుంది.

సీమబిడ్డ:
సీమ వదలి వచ్చి చేరితి నట్లాంట,
పైయిఁ జేయ నేర్పెఁ బక్కయవ్వ;
దేశమేది యైనఁ దీయనిది గెనుసు
గడ్డ, కోయ నింట గంధ మెగసె.

గణపరీక్ష:
ఆహా! మూడో పాదం ఈసారి పూరణలన్నిటిలోకీ మేలైనది. 'గెనుసు' దగ్గర ఆపి 'గడ్డ' అని దిగడం ఎంత బాగుందో. ఒక్క మాట మాత్రం చెప్పాలి. సరళాదేశంతో 'ప' కాస్తా 'బ' అయి, మీ పక్కింటి అవ్వ 'బక్కయవ్వ' అయింది. 'నేర్పెఁ బ్రక్కయవ్వ' అంటే చిక్కు తీరుతుంది.

ఓరుగల్లు:
అప్పుడు 'బ్ర' ముందున్న 'ర్పెఁ' గురువు కాదా?

గణపరీక్ష:
ప్రక్క తెలుగు మాట. తేల్చి పలుకుతాం, ముందున్నది లఘువే.

సీమబిడ్డ:
ధన్యవాదాలు మాస్టారూ, మార్చేశాను. అవ్వ బక్కగా ఉండదు, నన్ను ఒక్క చేత్తో హత్తుకుంటుంది! మొదటిసారి నేనొక్కదాన్నే చేసినప్పుడు దుంపలు ముక్కలు కోసి కుక్కర్లో పెట్టాను. గుజ్జంతా నీళ్లు. అడుగు పిండి నానిపోయి పళ్లేనికి అతుక్కుంది. ఆ రోజు ఏడుపొచ్చింది. ఇప్పుడు 9 అంగుళాల పళ్లెంలో, ఓవెన్‌లో 350 డిగ్రీల ఫారెన్‌హీట్ దగ్గర 50, 55 నిమిషాలు పెడుతున్నా. నడిమధ్య కొంచెం ఊగుతుండగానే తీసెయ్యాలి. పూర్తిగా గట్టిపడేదాకా ఉంచితే చల్లారాక పైన చీలుతుంది.

కృష్ణాతీరం:
అక్కా, మీ కుక్కర్ కథ చదివాకే ఇది తట్టింది.

నీట నుడకఁబెట్ట నీరసమై పోవు,
తొక్కతోడఁ గాల్చ దొరకుఁ దీపి;
చాకు దాఁచిపెట్టు, జాముసేపు నిలువు,
గడ్డ కోయనింట గంధ మెగసె.

'కోయగా ఇంట' కాదు, కోయని ఇంట!

పద్యపల్లవి:
చదివి కుర్చీలోంచి లేచాను. నేను ఇచ్చిన పాదంలో ఇది దాగి ఉందని నాకే తెలియదు. వంటా ఇదే చెబుతుంది. దుంపను కోయకుండా నెమ్మదిగా వేడెక్కనిస్తే దానిలోని ఎంజైమే పిండిపదార్థాన్ని చక్కెరగా మారుస్తుంది. తొక్క పగిలి, అంచున తేనెలాంటి జిగురు కారుతుంది. ఆ గుజ్జుకి పంచదార తక్కువ వేసినా సరిపోతుంది.

గణపరీక్ష:
విరుపు గొప్పది, ఒప్పుకుంటాను. కానీ 'కోయని' విశేషణం. దాని మీద ఇకారసంధి నా చెవికి ఒప్పడం లేదు. 'కోయనియింట' అని యడాగమం రావాలి (నడుమ 'య' చేరాలి), అప్పుడు గణం పోతుంది. రెండోది, జాము అంటే 3 గంటలు. అంతసేపు పెడితే బొగ్గే మిగులుతుంది.

కృష్ణాతీరం:
సంధి సంగతి పెద్దలు తేల్చాలి. జాము మాత్రం యతి కోసం వాడానని ఒప్పుకుంటున్నా. అయితే సంక్రాంతి పూరణలో మీరు అరిసెల పాకాన్ని 'గడియ'లో దించారు. గడియ అంటే 24 నిమిషాలు. అంతసేపు మరిగితే బెల్లం రాయే కదా మాస్టారూ. ఆ రోజు ఎవరూ అడగలేదు, నేనూ ఊరుకున్నాను.

గణపరీక్ష:
అడగాల్సింది. అది నా తప్పే. మా ఆవిడ ఆ రోజే చెప్పింది, నేను వినలేదు. సరే, మీ పాదానికి నా సవరణ:

చాకు దాఁచిపెట్టి సైరింపు గంటయే

ఇంకొకటి. ఉడకబెడితే నీరసమని తేల్చేయడం న్యాయం కాదు. బానిసగా పుట్టిన ఆబీ ఫిషర్ చదవడం రాయడం రాకపోయినా నోటితో చెప్పి రాయించిన వంటల పుస్తకం 1881లో శాన్‌ఫ్రాన్సిస్కోలో అచ్చయింది. అందులో దుంప ఉడకబెట్టే చేసింది. వేడిగా ఉండగానే జల్లెడలో మెదిపి, కమలాపండు రసం, దాని తొక్క తురుము కలిపింది. ఆమె పైని నీరసమని ఎవరంటారు?

కృష్ణాతీరం:
ఆమె ముందు నా మొదటి పాదం నిలవదు. మార్చి పంపిస్తాను. 'సైరింపు గంటయే' మాత్రం తీసుకుంటున్నా మాస్టారూ, మీ పేరు పెట్టి.

పద్యపల్లవి:
కోయని ఇంట విరుపుకి నా మొదటి ఓటు, సంధి మీద ప్రశ్నగుర్తుతో. పద్యం మొత్తంగా సీమబిడ్డది.

ఓరుగల్లు:
మా ఇంట్లో ఓవెన్ లేదు. కుక్కర్లో ఉప్పు పోసి కేకు చేసినట్టు దీన్నీ చేయొచ్చా?

సీమబిడ్డ:
గాస్కెట్, విజిల్ రెండూ తీసేసి, అడుగున ఉప్పు పోసి, చిన్న పళ్లెం పెట్టండి. దుంపను మాత్రం పొయ్యి దొరికితే నిప్పుల్లో కప్పెట్టండి. మా ఊళ్లో జేజి (నాయనమ్మ) అట్లే కాల్చేది. కత్తి తాకనిచ్చేది కాదు. బూడిద దులిపి చేతులతో విరిచి పెడితే, ఆ ఆవిరి మొహానికి తగిలేది.

గణపరీక్ష:
అమ్మా, ఇది పద్యంగా రాయి. సోమవారం దాకా గడువు పెంచమని పల్లవిగారిని నేను అడుగుతాను.